మన ఊరు మనకెట్లా గుర్తుంది?

(న్యూజెర్సీలో జరిగిన మన వేదిక వార్షిక సమావేశంలో చేసిన ప్రసంగానికి రాతరూపం)

రాత్రి డ్యూటీ దిగి, నిద్ర కూడా పోకుండా నేరుగా ఇక్కడికి వచ్చినవాళ్లు కొందరున్నారని నాకు తెలుసు. అందుకే ఎక్కువసేపు తీసుకోను.

"నువ్వు మీడియా మీద మాట్లాడాలి" అని చెప్పినప్పుడు నాకు నవ్వొచ్చింది. నేను జర్నలిస్టును కాను, ప్రొఫెసరును కాను. కిరాణా సరుకుల వేర్‌హౌస్‌లో బియ్యం సంచులు ఎత్తి దించే మనిషిని. కానీ చిన్నప్పటి రేడియో నుంచి ఇప్పుడు జేబులో ఉన్న ఫోను దాకా, యాభై ఏళ్లుగా అవి చెప్పింది వింటూ, చూపింది చూస్తూ బతికినవాణ్ణి. ఆ అనుభవం మీద నాలుగు మాటలు చెప్తాను.

మొన్న లంచ్ టైములో మా దగ్గర పనిచేసే ఒక తమ్ముణ్ణి అడిగాను. "కండ్లు మూసుకో. మీ ఊరు అంటే ముందుగాల ఏం కనపడుతది?"

"పచ్చటి వరి పొలాలు, కాలువ, గట్టు మీద వరుసగా కొబ్బరి చెట్లు" అన్నాడు.

ఆ తమ్ముడిది నారాయణపేట వైపు పల్లె. "మీ ఊళ్లె కాలువ ఏడిదిరా? కొబ్బరి చెట్లు ఏడియి?" అన్నాను. కాసేపు ఆలోచించి తనే నవ్వాడు. "అవునన్నా, మాది కంది చేన్ల ఊరు. ఆ చెట్లు సినిమాలయి."

ఆ తమ్ముడు అబద్ధం చెప్పలేదు. ఊరు విడిచి పన్నెండేళ్లయింది. ఈ పన్నెండేళ్లలో సొంత చేను చూసింది రెండుసార్లు. కోనసీమలో తీసిన పాటలు చూసింది కొన్ని వందల సార్లు. ఎక్కువసార్లు చూసిందే లోపల నిలబడిపోయింది. కోనసీమ వాళ్లకు వాళ్ల కొబ్బరి చెట్లు ఉండనీయండి, చక్కగా ఉంటాయి. కానీ మన కంది చేను ఎటు పోయింది? ఈ రోజు నా మాటంతా ఆ ప్రశ్న చుట్టే.

బాపు పంపిన క్యాసెట్

మాది కోరుట్ల దగ్గర పల్లె. మా బాపు 1983లో దుబాయి పోయాడు. అప్పుడు నాకు ఎనిమిదేళ్లు. మా ఊళ్లో ఫోను లేదు. ఉత్తరం రాయాలంటే బాపుకు చదువు రాదు. అందుకని క్యాసెట్ పంపేవాడు. అటు నుంచి సెలవుకు వచ్చేవాళ్లెవరైనా సబ్బులు, సెంటు సీసాతో పాటు ఒక క్యాసెట్ తెచ్చి ఇచ్చేవాళ్లు. టేపురికార్డరు ఉన్న ఇంటికి పోయి అందరం చుట్టూ కూర్చుని వినేవాళ్లం. గల్ఫ్ వలస ఉన్న మా వైపు ఊళ్లలో నా ఈడువాళ్లను ఎవరినడిగినా ఈ క్యాసెట్ల కథ చెప్తారు.

బాపు మాటల వెనక ఒక ఫ్యాను గరగర తిరిగేది. ఎవరో దగ్గేవారు. దూరంగా రేడియోలో హిందీ పాట వచ్చేది. నాకు దుబాయి అంటే ఆ చప్పుళ్లే. తర్వాత టీవీలో పెద్ద పెద్ద బిల్డింగులు ఎన్ని చూసినా, దుబాయి అనగానే ఇప్పటికీ నాకు ముందు ఆ ఫ్యానే వినపడుతుంది.

క్యాసెట్ రెండో వైపు మా అవ్వ మాట్లాడి పంపేది. ఆమె ఒళ్లో చాట పెట్టుకుని బీడీలు చేస్తూనే మాట్లాడేది. తునికాకు కత్తిరించే కత్తెర చప్పుడు మాటల మధ్యలో పడేది. "నీ మాటల కన్న ఆ కత్తెర సప్పుడు కోసమే మళ్ల మళ్ల పెట్టుకునేటోణ్ణి" అని తిరిగొచ్చాక బాపు చెప్పాడు.

ఇంకో సంగతి కూడా ఉంది. ప్రతి క్యాసెట్‌లో బాపు "నేను మంచిగున్న, రంది పెట్టుకోకుండ్రి" అనేవాడు. ఒకే గదిలో పన్నెండు మంది పడుకున్నారని, ఎండకు రెండుసార్లు పని మీద పడిపోయాడని ఏ క్యాసెట్‌లోనూ లేదు. అవన్నీ మాకు ఆయన తిరిగొచ్చాకే తెలిశాయి. ఆ టేపుల్లో ఒకటి ఏమైందో చివర్లో చెప్తాను.

రేడియో భాష, ఇంటి భాష

మనలో పెద్దవాళ్లకు రేడియోనే గడియారం. వార్తలకు ముందు బయల్దేరితే బస్సు దొరికేది, తర్వాత బయల్దేరితే పోయేది. విజయవాడ ఆకాశవాణి 1948 డిసెంబర్ 1న మొదలైంది. హైదరాబాదులో నిజాం కాలం నాటి దక్కన్ రేడియో 1950లో ఆకాశవాణిలో కలిసింది. 1977లో హైదరాబాద్ దూరదర్శన్ వచ్చింది. శ్రీకాకుళం మనిషికీ ఆదిలాబాద్ మనిషికీ ఒకే గొంతు, ఒకే వార్త వినిపించినవి ఇవే. అది చిన్న మేలు కాదు. అద్దంకి మన్నార్ గొంతు అంటే మీలో ఎంతమందికి పొద్దుటి చాయ్ వాసన గుర్తొస్తుందో చేతులెత్తండి. చూశారా, ఎన్ని చేతులో!

కానీ దాంతో పాటు ఇంకొకటి జరిగింది. రేడియోలో వచ్చేది మంచి తెలుగని, మా ఇంట్లో మాట్లాడేది తప్పు తెలుగని నేను చాలా ఏళ్లు అనుకున్నాను. సినిమాలో మా లాగా మాట్లాడేవాడు రౌడీ, లేకపోతే అందరూ నవ్వడానికి పెట్టిన మనిషి. కాలేజీకి పోయాక నలుగురి ముందు "అవ్వ" అనడం మానేసి "మా అమ్మగారు" అన్నాను. ఉత్తరాంధ్ర అన్నలకు, రాయలసీమ అక్కలకు కూడా ఇలాంటి అనుభవాలు ఉంటాయి. ఊరు దూరం కావడం విమానం ఎక్కిన రోజు మొదలవదు. మన మాట పలకడానికి మనమే సిగ్గుపడ్డ రోజే మొదలవుతుంది.

జిల్లా పేజీ

పేపరు సంగతి కొంచెం వేరు. పేపరుకూ వలసకూ పాత చుట్టరికం ఉంది. కాశీనాథుని నాగేశ్వరరావు పంతులు గారు 1908లో ఆంధ్రపత్రికను మొదలుపెట్టింది బొంబాయిలో. 1914లోనే అది మద్రాసుకు పోయి దినపత్రిక అయింది. అంటే బతకడానికి పరాయి ఊరు పోయిన తెలుగువాళ్ల మధ్య పుట్టిన పేపరు అది.

1974లో విశాఖపట్నంలో ఈనాడు వచ్చింది. 1989లో జిల్లా ఎడిషన్లు పెట్టింది. తర్వాత మిగతా పేపర్లూ అదే దారి పట్టాయి. అప్పటిదాకా మా మండలం పేరు అచ్చులో చూసి ఎరగం. ఒకసారి మా ఊరి చెరువు కట్ట తెగితే జిల్లా పేజీలో ఫొటో వచ్చింది. ఆ ముక్క కత్తిరించి హోటల్లో అద్దం పక్కన అంటించారు. చాలా ఏళ్లు అట్లనే ఉంది. "మన జిల్లా" అనే మాట మన నోట్లో అంతగా నానడానికి ఆఫీసుల కన్నా ఆ పేజీలే ఎక్కువ కారణమని నా నమ్మకం.

ఇక్కడికి వచ్చాక ఫోనులో న్యూస్ యాప్ పెట్టుకున్నాను. "మీ జిల్లా ఏది?" అని అడిగింది. కరీంనగర్ అని నొక్కాను. రోజూ చదివేవాణ్ణి. మా ఊరి ముచ్చట ఒక్కటీ రాదు. ఊళ్లో ఏమీ జరగడం లేదేమో అనుకున్నాను. దాదాపు మూడేళ్ల తర్వాత మా తమ్ముడు నవ్వి చెప్పాడు: "అన్నా, మనది జగిత్యాల జిల్లా అయి ఎన్నొద్దులాయె!" తెలంగాణలో కొత్త జిల్లాలు వచ్చింది 2016 అక్టోబర్ 11న. ఆంధ్రప్రదేశ్‌లో 2022 ఏప్రిల్ 4న పదమూడు జిల్లాలు ఇరవై ఆరయ్యాయి. మనలో చాలామంది ఇప్పుడు లేని జిల్లా నుంచి వచ్చినవాళ్లమే. ఊరు కదల్లేదు, దాని చిరునామా మారింది. నేను మాత్రం పాత చిరునామాలో ఊరిని వెతుక్కుంటూ కూర్చున్నాను.

కాకి ఎంతసేపటికి వచ్చింది?

ఇప్పుడు నా సొంత విషయం ఒకటి చెప్తాను. బయట ఎక్కువ చెప్పుకోలేదు.

మా బాపు 2020 ఏప్రిల్‌లో పోయాడు. మార్చి 23 నుంచి ఇండియాకు విమానాలు బంద్. పోలేకపోయాను. ఇక్కడ నాలాగా ఫోనులోనే తల్లినో తండ్రినో సాగనంపినవాళ్లు ఉన్నారు, మీకు వేరే చెప్పక్కర్లేదు. మూడో రోజు పిట్టకు పెట్టేటప్పుడు తమ్ముడు వీడియో కాల్ చేశాడు. మాస్కులు పెట్టుకుని నలుగురే ఉన్నారు. బొమ్మ ఆగి ఆగి వచ్చింది. తమ్ముడి వేలు కెమెరాకు అడ్డం పడింది. ఇక్కడ నేను పార్కింగులో కారులో కూర్చుని చూశాను.

2023 మార్చిలో బలగం సినిమా వచ్చింది. వేణు యెల్దండి తీశాడు, సిరిసిల్ల వైపు పల్లెల్లో. చావు ఇంట్లో పిట్ట ముట్టకపోతే ఆ కుటుంబం ఏమైందన్నదే కథ. తెలంగాణ ఊళ్లలో రచ్చబండ దగ్గర తెర కట్టి చూపించారు, జనం ఏడ్చుకుంటూ చూశారు. నేను ఇక్కడ అపార్ట్‌మెంట్‌లో చూసి అంతే ఏడ్చాను. మా మాట, మా పాట, మా చావు పద్ధతి మొదటిసారి ఎవరూ నవ్వకుండా తెర మీద చూశాను. భూమి పంచాయతీలో ఏడాదిగా మాట్లాడని తమ్ముడికి ఆ రాత్రే ఫోన్ చేశాను. ఆ సినిమాకు నేను బాకీ ఉన్నాను.

కానీ ఆ తర్వాత ఏమైందో వినండి. ఒకసారి తమ్ముడితో మాట్లాడుతూ, "బాపుకు పెట్టిన రోజు కాకి ఎంతసేపటికీ రాకపాయె గద" అన్నాను. వాడు ఆశ్చర్యపోయాడు. "ఏమంటున్నవన్నా? ఇస్తరి పెట్టంగనే అచ్చింది. నువ్వే జూసినవ్ గద ఫోన్ల."

నాకు గుర్తున్న ఎదురుచూపు సినిమాలోది. నా కండ్ల ముందు కదిలే కాకి కూడా సినిమాలోదే. మా బాపు ముద్దను ముట్టిన కాకి నాకు గుర్తులేదు. సినిమా తప్పు ఇందులో ఏమీ లేదు. నేను కళ్లారా చూడలేకపోయాను, అక్కడ ఖాళీ ఉంది, ఆ ఖాళీలోకి మంచి సినిమా వచ్చి కూర్చుంది. అంతే. కానీ తమ్ముడు చెప్పకపోతే, మా బాపు అసంతృప్తితో పోయాడనే బాధతోనే బతికేవాణ్ణి. అందుకే చెప్తున్నాను. అక్కడ ఉన్నవాళ్లను అడగండి. మీరు గుర్తుంచుకున్నదాన్ని వాళ్లు చూసినదానితో పోల్చుకోండి.

అవ్వకు తెలిసిన అమెరికా

ఇంతసేపు మనకు ఊరు ఎట్లా కనపడుతుందో చెప్పాను. ఊళ్లో ఉన్నవాళ్లకు మనం ఎట్లా కనపడుతున్నాం?

2017 ఫిబ్రవరి 22న కాన్సస్‌లోని ఒలేత అనే ఊళ్లో మన హైదరాబాద్ ఇంజినీరు కూచిభొట్ల శ్రీనివాస్‌ను ఒక బార్‌లో కాల్చి చంపారు. తెలుగు చానళ్లలో రోజుల తరబడి అదే నడిచింది. మా అవ్వ రోజుకు నాలుగుసార్లు ఫోన్ చేసింది. న్యూజెర్సీకీ ఒలేతకూ వెయ్యి మైళ్ల పైనే దూరం. ఆమెకు మాత్రం అది మా గల్లీ చివర జరిగినట్టే. బయట తెలుగులో గట్టిగా మాట్లాడొద్దని మనవాళ్ల మధ్య కూడా సలహాలు తిరిగాయి. కొన్ని నెలలు షాపులో నేనూ గొంతు తగ్గించే మాట్లాడాను.

ఆ రోజు ఆ హంతకుణ్ణి ఆపబోయి తూటా తగిలి గాయపడ్డ అమెరికన్ కుర్రవాడు ఒకడున్నాడు. పేరు ఇయాన్ గ్రిల్లట్. టీవీలో అతన్నీ చూపించారు. కానీ మా అవ్వకు తుపాకి గుర్తుంది, ఆ పిల్లవాడు గుర్తులేడు. నిజం చెప్పాలంటే నాకూ పేరు మళ్లీ వెతుక్కోవాల్సి వచ్చింది. భయం తొందరగా పాతుకుంటుంది. మంచితనాన్ని మనమే పదిసార్లు చెప్పుకోవాలి.

ఇంకోటి, 2025 సెప్టెంబర్ 19, శుక్రవారం. హెచ్-1బీకి లక్ష డాలర్ల ఫీజు అని వార్త. పెళ్లికని ఊరికి పోయిన మా పక్క బిల్డింగు తమ్ముడు ఫోనులో వచ్చిన మెసేజీలు చూసి, పెళ్లి వదిలేసి అప్పు చేసి టికెట్ కొన్నాడు. మర్నాడే ప్రభుత్వం వివరణ ఇచ్చింది: అది కొత్త దరఖాస్తులకే, ఇప్పటికే వీసా ఉన్నవాళ్లకు కాదని. అన్నిసార్లూ ఇట్లా భయం ఉత్తదని తేలుతుందని నేను చెప్పను. మన కాగితాల మీద బతికేవాళ్లం, భయం ఉండటం న్యాయమే. కానీ ఆ రాత్రి ఆ తమ్ముడికి వచ్చిన మెసేజీల్లో ఒక్కటి కూడా ఆర్డరు చదివినవాడు పంపింది కాదు.

ఇక్కడ టీవీని తిట్టి చేతులు దులుపుకుంటే సరిపోదు. మనం కూడా మీడియానే. నయాగరా ముందు, మంచులో, ఎవరిదో కారుకు ఆనుకుని దిగిన ఫొటో పెడతాం. పెట్రోల్ బంకులో రాత్రి డ్యూటీ ఫొటో ఎవరు పెట్టారు చెప్పండి? ఒకే గదిలో ఐదుగురు పడుకున్నది ఎవరు పెట్టారు? ఆ కారు ఫొటో చూసి ఊళ్లో ఇంకొకాయన పొలం కుదువబెట్టి కొడుకును పంపిస్తాడు. మా బాపు క్యాసెట్‌లో చెప్పిన "మంచిగున్న" మాటనే మనం ఇప్పుడు రంగుల్లో పంపిస్తున్నాం. బాపును చూసి మా మేనమామ కూడా దుబాయికి అప్పు చేశాడు. తీర్చడానికి ఏడేళ్లు పట్టింది.

మన పక్కనే ఉన్న సంగతి

ఈ హాలు ఉన్న ఊరు పేరు ఎడిసన్. ఓక్ ట్రీ రోడ్డు మీద ఏ షాపులో గోంగూర తాజాగా ఉంటుందో, ఎక్కడ ఇడ్లీ బాగుంటుందో నాకు తెలుసు. ఈ ఊరి పాత పేరు రారిటన్ టౌన్‌షిప్ అని, 1954లో థామస్ ఎడిసన్ పేరు పెట్టారని పదేళ్లు ఇక్కడే ఉన్నా తెలియదు. మా పాప బడి ప్రాజెక్టు కోసం తీసుకుపోతేనే చూశాను. ఈ ఊళ్లోనే ఉన్న మెన్లో పార్కులో 1877లో ఎడిసన్ ఫోనోగ్రాఫ్ చేశాడు. మనిషి గొంతును పట్టి ఉంచి మళ్లీ వినిపించిన మొట్టమొదటి యంత్రం. ఆ చోట పెద్ద స్తంభం కట్టి, పైన గాజు బల్బు పెట్టారు. చిన్న మ్యూజియం కూడా ఉంది.

అక్కడ నిలబడ్డప్పుడు నాకు బాపు క్యాసెట్ గుర్తొచ్చింది. దుబాయి గదిలో నుంచి కోరుట్ల పల్లెకు గొంతు మోసుకొచ్చిన ఆ వస్తువుకు మొదలు ఇక్కడ, నేను రోజూ పనికి పోయే దారిలో ఉంది. ఫోనులో ఊరి వార్తలు చూసుకుంటూ నేను ఆ పక్క నుంచే పదేళ్లు పోయాను. మనం ఉంటున్నది కూడా ఒక ఊరే. మన పిల్లలకు ఇదే సొంతూరు. దీన్ని కూడా కొంచెం తెలుసుకుందాం.

చేతనైన నాలుగు పనులు

ఇక నేను చెప్పదలచుకున్న పనులు. పెద్దవేం కావు.

ఒకటి, వారానికోసారి ఇంటికి చేసే ఫోనులో పది నిమిషాలు ఊరి గురించే అడగండి. మన చేను పేరేంది? చెరువు కింద బావి ఎవరు తవ్వించారు? ఆ చింతచెట్టు ఉందా, కొట్టేశారా? పెద్దవాళ్లను అడిగి, వాళ్లు ఒప్పుకుంటే రికార్డు చేయండి. పేరు, తేదీ రాసి రెండు చోట్ల దాచండి. ఫోను పోతే అన్నీ పోతాయి.

రెండు, మన సంగతి నిజంగా చెప్పండి. ఏడ్చి చెప్పనక్కర్లేదు. మీ గది, మీ బస్ స్టాపు, మీరు వండుకున్న పప్పు చూపించండి. నెలకు ఎంత మిగులుతుందో రావాలనుకునే తమ్ముడికి దాచకుండా చెప్పండి.

మూడు, భయపెట్టే మెసేజ్ వస్తే ఒక రాత్రి ఆగండి, ఇంకొకరికి పంపకండి. యూఎస్‌సీఐఎస్ వెబ్‌సైటులో ఏముందో చూడండి. చదవడం రాకపోతే వేదికకు ఫోన్ చేయండి, చదివి చెప్పేవాళ్లున్నారు. డబ్బు ఖర్చయ్యే ఏ పనైనా లాయరును అడిగాకే చేయండి.

నాలుగు, ఏడాదికి ఒక్కసారైనా మీరుండే ఊరి లైబ్రరీకి పోండి. ఆ ఊరి పేపరు ఒకటి తిరగేయండి. డబ్బులేం అడగరు.

చివరిగా ఆ టేపు సంగతి. 1991లో నాకు పదహారేళ్లు. రేడియోలో వచ్చే సినిమా పాటలు ఎక్కించుకుందామంటే ఖాళీ క్యాసెట్ కొనడానికి డబ్బుల్లేవు. ఇంట్లో పాతది ఒకటి కనపడింది. బాపు పంపిన మొదటి క్యాసెట్. ఎట్లాగూ బాపు తిరిగొచ్చాడు కదా, ఇక దీంతో పనేముంది అనుకున్నాను. దాని మీద పాటలు ఎక్కించాను.

బాపు పోయాక తమ్ముడు అటక మీద వెతికి ఆ క్యాసెట్ తీశాడు. ఒక వైపంతా పాటలే. ఆఖరి పాట ఆగిపోయాక, టేపు అయిపోయే ముందు కొద్దిసేపు ఫ్యాను చప్పుడు. తర్వాత బాపు గొంతు: "...పిల్లలను బడికి తోలుండ్రి. ఇగ ఉంట." అంతే మిగిలింది. ఇప్పుడది నా ఫోనులో ఉంది, తమ్ముడి ఫోనులో ఉంది, మా పాప కంప్యూటరులో ఉంది.

నా లాగా చేయకండి. ఈ రాత్రి ఇంటికి పోగానే, అక్కడ తెల్లారి ఉంటుంది కాబట్టి, ఒక ఫోన్ చేయండి.